‘బెంగాల్’ - మైనుల నూడ్చు నావ

యుద్ధనౌక యనగానే పెద్ద ఫిరంగులును, ఉక్కు కవచములును మన మనస్సునకు దోచును. కాని యుద్ధకాలమున పెద్ద యోడలు రేవు దాటవలెనన్న, ముందుగా నొక చిన్న నావ పోయి దారి చక్కబరచి రావలెను. శత్రువులు నీటిలో దాచిన ప్రేలుడు గుల్లలను, అనగా మైనులను, తొలగించుట దాని పని. ఇతరులు క్షేమముగా బోవుటకై తాను ముందుగా నపాయములోనికి బోవుటయే యీ జాతి నావల ధర్మము. అట్టి నావ యొకటి 1942 లో ఎట్టి పరీక్షకు గురియైనదో నేడు మనవి చేసెదను.

ఆనాటి మైనులలో ననేకము ఇనుపగుల్లలు. గుల్లలో ప్రేలుడుమందు, సముద్రపు టడుగున నొక బరువు, ఆ రెంటిని గలుపు నుక్కుమోకు ఉండును. గుల్ల నీటిపై గానరాక కొలది లోతున నిలిచి, ఓడ తగిలినంతనే ప్రేలును. దీనిని దొలగించు నావ తన వెనుక పొడవైన యుక్కుమోకు నొకదానిని ఈడ్చుకొని పోవును. మోకు చివర నొక బెండు పైకి దేలుచుండును. నీటిలోని పలకలు మోకును తగిన లోతున నిలిపి, ప్రక్కకు దూరముగా లాగుచుండును. మోకునకు గూర్చిన కత్తెరలు మైను కట్టును దెంపగా గుల్ల పైకి వచ్చును. అప్పుడు తుపాకులతో గాల్చి దానిని ముంచుదురు, లేదా ప్రేల్తురు. 1939 లో జర్మనులు, ఓడయందలి అయస్కాంతశక్తి సోకినంతనే ప్రేలు మైనులను ప్రయోగింపగా, వానికై విద్యుత్తు ప్రవహించు మోకులు సైతము అవసరమయ్యెను.

ఈ పనిని, జలాంతర్గాములను వేటాడు పనిని ఒకే నావ చేయవలెనని ఆస్ట్రేలియా నౌకాశాఖ సంకల్పించెను. తమ దేశపు చిన్న కర్మాగారములలో సైతము కట్టుటకు వీలైన నమూనాను సిద్ధపరచెను. మొదటి నావ ‘బాథర్‌స్ట్’ పేరే ఆ తరగతికి పేరయ్యెను. మొత్తము 60 నావలు నిర్మితమయ్యెను. అందు నాలుగు భారత నౌకాదళమునకు వచ్చినవి: ‘పంజాబు’, ‘మద్రాసు’, ‘బెంగాల్’, ‘బొంబాయి’. సిడ్నీ రేవులోని కాకటూ ద్వీపమున నిర్మింపబడిన ‘బెంగాల్’ 1942 మే 28 న నీట దిగి, ఆగస్టులో కొలువున జేరెను. దాని పొడవు 186 అడుగులు, వెడల్పు 31 అడుగులు, బరువు సుమారు 650 టన్నులు. వేగము గంటకు 15 సముద్రపు మైళ్లు. తోడి నావలలో ననేకమునకు నాలుగంగుళముల ఫిరంగి యుండగా, దీనికి మూడంగుళములదే దక్కెను. అదిగాక విమానములను గొట్టు చిన్న ఫిరంగులు గలవు. నావికులలో నధికులు భారతీయులు.

హిందూమహాసముద్రమున నది భయంకరమైన సంవత్సరము. ఏప్రిల్ 6 న విశాఖపట్టణము, కాకినాడ రేవులపై జపాను బాంబులు పడినవి. నవంబరు 5 న ‘బెంగాల్’ ఆస్ట్రేలియాలోని ఫ్రీమాంటిల్ రేవునుండి ‘ఓండినా’ యను డచ్చి చమురు ఓడకు రక్షణగా డీగో గార్షియా ద్వీపమునకు బయలుదేరెను.

11 వ తేదీ మధ్యాహ్నప్రాంతమున, నడిసంద్రములో రెండు పెద్ద యోడలు కానవచ్చినవి. అవి ‘హోకోకు మారు’, ‘ఐకోకు మారు’ అను జపాను దాడి నౌకలు. ఒక్కొక్కటి పదివేల టన్నులకు మించినది. ఒక్కొక్క దానిపై ఐదున్నర యంగుళముల ఫిరంగు లనేకము గలవు. పారిపోవుటకు ‘బెంగాల్’ వేగము చాలదు; పోరుటకు దాని ఫిరంగి చాలదు. నాయకుడు లెఫ్టినెంటు కమాండరు విల్సన్ ‘ఓండినా’ను తప్పించుకొని పొమ్మని, తన నావను శత్రువునకు ఎదురుగా త్రిప్పెను. ‘ఓండినా’ వారును తమ ఏకైక ఫిరంగితో కాల్చసాగిరి. వారికున్న గుండ్లు 32 మాత్రమే. కొంతసేపటికి ‘హోకోకు మారు’ వెనుక భాగమున గుండు తగిలి మంట లెగసినవి. పిమ్మట నది భయంకరముగా బ్రేలి మునిగిపోయెను.

గుండ్లు దాదాపుగా నిండుకొన్నంత ‘బెంగాల్’ పొగతెర చాటున తొలగి, డీగో గార్షియా చేరెను. గాయపడిన నావయే గాని, అందలి వా రొక్కరును మరణింపలేదు. ‘ఓండినా’ మునిగినదనియే వారు తలచిరి. నిజమునకు దానికి రెండు టార్పీడోలు తగిలెను; కెప్టెను హార్స్‌మన్ మరణించెను; పడవలలోనికి దిగిన నావికులపై తుపాకులు ప్రేలెను. అయినను శత్రువు వెడలిన పిదప మిగిలినవారు తిరిగి ఓడ నెక్కి, మంటల నార్పి, 18 వ తేదీన దానిని ఫ్రీమాంటిల్ చేర్చిరి.

ఆ ఘాతకమైన గుండు ఎవ్వరిది? ఉభయులును తమదే యనిరి. ‘ఓండినా’ ఫిరంగియే పెద్దది గావున అది దానిదే యనుట యుక్తముగా దోచును. అట్లయినను ‘బెంగాల్’ కీర్తికి లోపము లేదు. శత్రువుల గుండ్లను తనపైకి మరల్చుకొని, ఆ గురికి వ్యవధి నిచ్చినది ఈ చిన్న నావయే కదా. మైనుల నడుమ దారి తీయునట్టి నావ, ఆ దినమున ఫిరంగుల నడుమ దారి తీసినది, ధర్మ మొక్కటియే.

‘బెంగాల్’ స్వతంత్ర భారత నౌకాదళమునను సేవ చేసి, 1960 లో విడగొట్టబడెను. చరిత్ర దాని నొక్క మధ్యాహ్నపు పోరాటముచేతనే జ్ఞాపకముంచుకొన్నది. కాని మైనుల నూడ్చు నావ నిత్యము సాధించు విజయమునకు గుర్తు లుండవు. ఓడ ప్రేలకుండ రేవు చేరుటయే దానికి గుర్తు. అట్టి నావలలో బ్రదుకు గడపిన పేరులేని నావికులను సైతము ఈ సందర్భమున స్మరించుట మన విధి.