అలిసిపోయేది కళ్ళేనా?

మొన్నామధ్య రాత్రి తొమ్మిదింటికి ల్యాప్‌టాప్ మూసి భోజనానికి కూర్చున్నాను. మా అమ్మాయి స్కూలు సంగతేదో చెబుతోంది, నేను ఊఁ కొడుతున్నాను. "ఇప్పుడు నేనేం చెప్పానో చెప్పు నాన్నా" అంది. చెప్పలేకపోయాను. కంచం తీసుకుని లేచి వెళ్ళిపోయింది. పొద్దుట్నుంచీ కుర్చీలోంచి కదిలింది లేదు, మూటలు మోసింది లేదు. మరి ఈ అలసట ఎక్కడిది? కళ్ళదే అనుకునేవాణ్ణి ఇన్నాళ్ళూ. కాదట.

తమాషా ఏంటంటే, ఈ ప్రశ్న కంప్యూటర్ల కంటే చాలా పాతది. 1864లో అమెరికా ప్రభుత్వం యోసెమిటీ లోయని ప్రజల విహారం కోసం కాలిఫోర్నియా రాష్ట్రానికి అప్పగించింది. దాన్ని చూసుకునే కమిషనుకి పెద్ద ఫ్రెడరిక్ లా ఓమ్‌స్టెడ్. న్యూయార్క్ సెంట్రల్ పార్కుని తీర్చిదిద్దిన ఇద్దరిలో ఒకాయన. ప్రకృతి దృశ్యాలు మనసుకి పని చెబుతాయి గానీ దాన్ని అలసిపోనివ్వవని 1865లో తన నివేదికలో రాశాడు. అలాంటి చోట్లు డబ్బున్నవాళ్ళకే పరిమితం కాకుండా చూడ్డం ప్రభుత్వం బాధ్యత అని కూడా అన్నాడు. తోటి కమిషనర్లు కొందరు ఆ నివేదికని తొక్కిపెట్టేశారు. అది అచ్చయింది 1952లో!

1890లో విలియం జేమ్స్ తన మనస్తత్వశాస్త్ర గ్రంథంలో మన ధ్యాసని రెండు రకాలుగా విడదీశాడు. ఒకటి మనం బలవంతంగా నిలిపేది, రెండోది దానంతటదే పోయేది. మిషిగన్ విశ్వవిద్యాలయానికి చెందిన రేచల్, స్టీఫెన్ కాప్లాన్ దంపతులు 1989లో ఈ ముక్కనే పట్టుకుని ఒక పుస్తకం రాశారు. అరిగిపోయేది మొదటి రకమేనట. కోడ్ చదువుతూ మెయిళ్ళనీ, చాట్‌లనీ పక్కకి నెడుతూ ఉంటాం చూడండి, ఆ నెట్టడమే అసలు చాకిరీ. ఆకులూ మబ్బులూ ధ్యాసని మెల్లగా లాగుతాయి, ఆ కాసేపూ మొదటిదానికి విశ్రాంతి.

2008లో అదే విశ్వవిద్యాలయం వాళ్ళు కొంతమందిని దాదాపు 50 నిమిషాలు నడిపించారు, ఒకసారి చెట్ల తోటలో, ఇంకోసారి ఊరి నడిబొడ్డులో. ముందూ తర్వాతా అంకెల్ని వెనకనుంచి అప్పజెప్పమన్నారు. తోటలో నడిచొచ్చాకే బాగా చెప్పారు. గడ్డకట్టే చలిలో, నడక ఏమాత్రం నచ్చని రోజుల్లోనూ అంతే! అది చిన్న ప్రయోగమే లెండి, తర్వాతి పరిశోధనల ఫలితాలు అన్నీ ఒకేలా రాలేదు. కానీ నడవడానికి ఖర్చేముంది?

మా కాలనీ పార్కులో ఉన్నవి నాలుగు వేపచెట్లూ ఒక కానుగచెట్టూ. ఫోను ఇంట్లో పెట్టేసి సాయంత్రం అరగంట అక్కడ తిరుగుతున్నాను. అమ్మాయి కూడా వస్తోంది. ఆ స్కూలు సంగతి మళ్ళీ ఎత్తలేదు గానీ, నిన్న ఉడతని చూపించింది. నాకూ కనబడింది.

పోయిన ఆదివారం మీటింగులో ఆ స్థలాన్ని కార్ల పార్కింగుకి ఇచ్చేద్దామన్నారు. ఇదివరకైతే నాకెందుకులే అని ఊరుకునేవాణ్ణి. ఈసారి లేచి వద్దన్నాను.