గద్దర్

గద్దర్ తెలుగు ప్రజా వాగ్గేయకారుడు. అసలు పేరు గుమ్మడి విఠల్ రావు. పాట రాసింది, బాణీ కట్టింది, కాలికి గజ్జె కట్టి ఆడుతూ పాడింది ఆయనే. 1970, 80లలో జన నాట్యమండలి ద్వారా విప్లవ రాజకీయాలను, ఆ తర్వాత దళిత, తెలంగాణ ఉద్యమాలను పాటగా ఊరూరికీ చేర్చాడు. పుట్టింది మెదక్ జిల్లాలో అయినా, ప్రకాశం జిల్లా చరిత్రలో రెండు చోట్ల ఆయన పేరు తగులుతుంది. ఒకటి 1985 నాటి కారంచేడు, రెండోది 2004 నాటి నల్లమల. 2023 ఆగస్టు 6న హైదరాబాదులో మరణించాడు.

పూర్వరంగం

ఉద్యమానికి పాటను జోడించడం తెలుగునాట గద్దర్‌తో మొదలు కాలేదు. 1940లలో ప్రజానాట్యమండలి బుర్రకథను రాజకీయ వేదిక మీదికి తెచ్చింది. గుంటూరు జిల్లా పొన్నెకల్లుకు చెందిన షేక్ నాజర్ చేతిలో ఆ కళ కొత్త రూపం దిద్దుకుంది. తెలంగాణ సాయుధ పోరాట కాలంలో సుద్దాల హనుమంతు గొల్లసుద్దుల వంటి రూపాలను వాడుకున్నాడు. శ్రీకాకుళంలో సుబ్బారావు పాణిగ్రాహి జముకుల కథ చెప్పి, ఆ ఉద్యమంలోనే 1969లో ప్రాణం విడిచాడు. గద్దర్‌కు అందిన ఆస్తి ఇది.

బాల్యం, తొలి రోజులు

1940ల చివర్లో తూప్రాన్‌లో ఒక దళిత కుటుంబంలో పుట్టాడు. తల్లి లచ్చుమమ్మ, తండ్రి శేషయ్య. పొలం పనుల్లో తల్లి పాడే పాటలే ఆయనకు మొదటి బడి. తర్వాతి రోజుల్లో ఆమె పేరు పెట్టి కట్టిన పాట ఆయన పాటల్లో బాగా పేరు పడినవాటిలో ఒకటి. చదువులో ముందుండి హైదరాబాదులో ఇంజనీరింగ్ సీటు తెచ్చుకున్నాడు గాని చదువు పూర్తి చేయలేదు. బుర్రకథ దళం కట్టి కుటుంబ నియంత్రణ వంటి ప్రభుత్వ పథకాల మీద ప్రదర్శనలిచ్చాడు. ప్రభుత్వాన్ని ధిక్కరించే పాటలతో పేరు తెచ్చుకున్న మనిషి, వేదిక మెలకువలు మొదట నేర్చుకున్నది ప్రభుత్వ ప్రచారంలోనే.

ఆ రోజుల్లోనే దర్శకుడు బి. నరసింగరావు నడిపే ఆర్ట్ లవర్స్ బృందంతో పరిచయమైంది. ఊరికే కథ చెబితే చాలదు, కూలివాడి బతుకు చెప్పాలన్న ఆలోచన అక్కడ బలపడింది. ఆయన తొలి పాట రిక్షా కార్మికుడి మీద కట్టినది.

పేరు వెనక కథ

విఠల్ తొలి పాటల పుస్తకానికి పెట్టిన పేరు గద్దర్. ఉర్దూలో ఆ మాటకు తిరుగుబాటు అని అర్థం. 1913లో అమెరికా పశ్చిమ తీరంలోని భారతీయ వలస కూలీలు, విద్యార్థులు కలిసి పెట్టుకున్న గదర్ పార్టీ నుంచి వచ్చిందది. ఆ పార్టీ కార్యాలయం శాన్ ఫ్రాన్సిస్కోలో ఉండేది. పుస్తకం పేరుతో మనిషిని పిలవడం మొదలై, చివరికి విఠల్ రావు అంటే ఎవరని అడిగే పరిస్థితి వచ్చింది.

గదర్ వీరులు పత్రికలు అచ్చువేస్తున్న ఆ రోజుల్లోనే అదే అమెరికాలో జో హిల్ అనే కార్మికుడు చర్చి కీర్తనల బాణీలకు కూలీల మాటలు అతికించి పాడాడు. తర్వాతి తరంలో వుడీ గత్రీ గిటారు పట్టుకుని అదే దారిన నడిచాడు. వాళ్ళకు గద్దర్‌తో పరిచయం లేదు. కానీ పని పద్ధతి ఒక్కటే: బాణీ జనం దగ్గర తీసుకోవడం, మాట మార్చి మళ్ళీ జనానికే ఇవ్వడం.

జన నాట్యమండలి

1972లో జన నాట్యమండలి ఏర్పడింది. ఉత్తరాంధ్ర నుంచి వచ్చిన వంగపండు ప్రసాదరావు ఈ సంస్థకు మరో పెద్ద దిక్కు. వంగపండు పాటలో పార్వతీపురం యాస పలికితే, గద్దర్ పాటలో మెదక్ యాస పలికేది. 1975లో గద్దర్ కెనరా బ్యాంకులో గుమాస్తాగా చేరాడు. కొన్నేళ్ళ పాటు పగలు కౌంటరు, రాత్రి పాట. 1984లో ఉద్యోగం వదిలేసి పూర్తికాలం పాటకే అంకితమయ్యాడు. అప్పటికి కొండపల్లి సీతారామయ్య నాయకత్వంలో 1980లో ఏర్పడిన నక్సలైట్ పార్టీ పీపుల్స్ వార్‌కు జన నాట్యమండలి సాంస్కృతిక విభాగంగా పనిచేస్తోంది. మండలి శిక్షణ శిబిరాలు పెట్టి ఊళ్ళలో పాటల దళాలను తయారు చేసింది. అందుకే గద్దర్ అడుగుపెట్టని ఊళ్ళోనూ ఆయన పాట వినిపించేది.

పాట కట్టే తీరు

గద్దర్ పాట కాగితం మీద చదివితే సగమే అందుతుంది. వేదిక మీద ఆయన వేషం పల్లెవాసులకు కొత్తది కాదు: భుజాన గొంగడి, మోకాళ్ళ పైకి కట్టిన పంచె, చొక్కా లేని ఒళ్ళు, కాళ్ళకు గజ్జెలు, చేతిలో కర్ర. గొర్లకాపరి, కథకుడు, కూలీ ముగ్గురూ ఆ వేషంలో కనిపిస్తారు. వెనక డప్పు, డోలక్. డప్పును ముందుగా మంట దగ్గర కాచి చర్మం బిగిస్తారు. చలిరాత్రి ప్రదర్శనల్లో తోలు మెత్తబడి మోత పడిపోతుంది కాబట్టి మధ్యలో మళ్ళీ కాచాల్సిందే.

పాడేవాడు ఒక చరణం అందుకుంటే వెనక వంతలు పల్లవి తిప్పి అంటారు. రెండో మూడో తిప్పుకు ముందు కూర్చున్న జనం గొంతు కలుపుతారు. అప్పుడు గద్దర్ పాట ఆపేవాడు. గజ్జెల అడుగు మాత్రం ఆగేది కాదు. ఆ అడుగు మీదే మాటల్లోకి దిగి, ఊరి భూమి సంగతో కూలి రేటో ఎత్తి, జనాన్ని ప్రశ్న అడిగి, వాళ్ళ జవాబు మీదుగా మళ్ళీ పల్లవిలోకి దూకేవాడు. కథకుడు పాట, వచనం, అభినయం కలిపి నడిపే బుర్రకథ ఒడుపు ఇది.

బాణీల కోసం నాట్ల పాటలు, ఉయ్యాల, కోలాటం, ఒగ్గుకథ, యక్షగానం అన్నీ తవ్వాడు. జోలపాట బాణీలో చనిపోయిన కొడుకును తలచుకునే తల్లి పాట కట్టడం ఆయనకు ఇష్టమైన మార్గం. బిడ్డను నిద్రపుచ్చే రాగం శవం పక్కన వినిపిస్తే వినేవాడి గుండె ఎట్లా ఉంటుందో ఆయనకు తెలుసు. ఈ పాటలు చిన్న పుస్తకాలుగా, క్యాసెట్లుగా చేతులు మారాయి. పాడేవాళ్ళు తమ యాసకు తగ్గట్టు మాటలు మార్చుకున్నారు.

కారంచేడు, అజ్ఞాతం

1985 జూలై 17న చీరాల దగ్గరి కారంచేడులో మాదిగలపై భూస్వామ్య కులస్థుల దాడిలో ఆరుగురు చనిపోయారు. ఆ ఊరు అప్పుడు ప్రకాశం జిల్లాలో, ఇప్పుడు బాపట్ల జిల్లాలో ఉంది. బాధితులు ఊరు వదిలి చీరాలలో శిబిరంలో ఉన్నారు. కత్తి పద్మారావు, బొజ్జా తారకం ముందుండగా దళిత మహాసభ పుట్టింది. గద్దర్ కారంచేడు మీద కట్టిన పాట ఏడ్చే పాట కాదు, ఎదురు తిరిగినవాళ్ళను పొగిడే పాట. దళితవాడల సభల్లో అది చాలాకాలం మారుమోగింది. అప్పటిదాకా వర్గం గురించే ఎక్కువగా పాడిన గొంతులో కులం సూటిగా పలకడం ఇక్కడి నుంచి స్పష్టమవుతుంది.

అదే ఏడు గద్దర్ అజ్ఞాతంలోకి వెళ్ళాడు. మహారాష్ట్ర, మధ్యప్రదేశ్, ఒడిశా, బీహార్ ప్రాంతాల్లో తిరిగాడు. ఆదివాసీ బాణీలు ఆయన పాటల్లోకి వచ్చాయి, ఆయన పాటలు ఇతర భాషల్లోకి వెళ్ళాయి. మర్రి చెన్నారెడ్డి ప్రభుత్వం విప్లవ సంస్థల మీది ఆంక్షలు సడలించాక 1990 ఫిబ్రవరి 18న బయటికి వచ్చాడు. రెండు రోజుల తర్వాత హైదరాబాదు నిజాం కాలేజీ మైదానంలో జరిగిన సభకు సుమారు 2 లక్షల మంది వచ్చారని అంచనా.

ఎన్‌కౌంటర్లలో చనిపోయినవారి శవాలను కుటుంబాలకు అప్పగించాలన్న ఆందోళనలో ఆయన ముందున్నాడు. 1997 ఏప్రిల్ 6న అల్వాల్ ప్రాంతంలోని ఇంట్లో ఆయనపై గుర్తు తెలియని వ్యక్తులు కాల్పులు జరిపారు. తీయడం ప్రమాదమని వైద్యులు వదిలేసిన ఒక తూటా వెన్నులోనే మిగిలిపోయింది. ఆ తూటాతోనే మరో 26 ఏళ్ళు పాడాడు.

నల్లమల అంచున

మార్కాపురం, గిద్దలూరు తాలూకాలు 1970లో ఒంగోలు జిల్లా ఏర్పడేదాకా కర్నూలు జిల్లాలోవి. ఆ జిల్లాకే తర్వాత ప్రకాశం పేరు వచ్చింది. తూర్పున తీరం, పొగాకు చేలు ఉంటే, పడమట మెట్టపొలాలు, పలకల గనులు, వాటి వెనక నల్లమల. ఆ అడవి పీపుల్స్ వార్‌కు దీర్ఘకాలం స్థావరం. అందువల్ల పోలీసు గాలింపులు, ఎదురుకాల్పుల వార్తలు ఈ ప్రాంతపు పల్లెలకు, చెంచు గూడేలకు నిత్యకృత్యంగా ఉండేవి.

2002లో ప్రభుత్వంతో చర్చల ప్రయత్నంలో విప్లవ కవి వరవరరావుతో పాటు గద్దర్ పీపుల్స్ వార్ ప్రతినిధిగా ఉన్నాడు. 2004లో మళ్ళీ ప్రయత్నం మొదలైనప్పుడు ఈ ఇద్దరికీ జి. కళ్యాణరావు తోడయ్యాడు. కళ్యాణరావు ప్రకాశం జిల్లా రచయిత. అంటరాని కులాల్లోని కళాకారుల తరతరాల కథగా ‘అంటరాని వసంతం’ నవల రాసినవాడు. ఎస్.ఆర్. శంకరన్ నాయకత్వంలోని పౌర స్పందన వేదిక ఇరుపక్షాలనూ ఒక చోటికి చేర్చింది. 2004 అక్టోబరులో రామకృష్ణ తదితర మావోయిస్టు నాయకులు చర్చలకు అడవి వదిలి బయటికి వచ్చింది దోర్నాల నుంచి శ్రీశైలం వెళ్ళే దారిలోని చిన్న ఆరుట్ల దగ్గర. అక్టోబరు 15 నుంచి 18 దాకా హైదరాబాదులో చర్చలు జరిగాయి. 2005 జనవరికి అవి తెగిపోయాయి, కాల్పులు మళ్ళీ మొదలయ్యాయి.

సినిమా

గౌతమ్ ఘోష్ తీసిన ‘మా భూమి’ (1979)లో గద్దర్ తెర మీద కనిపించి, సాయుధ పోరాట కాలపు కవి బండి యాదగిరి పాట పాడాడు. తనది కాని ఆ పాట ఆయన గొంతుతోనే రాష్ట్రమంతటికీ చేరింది. ఆర్. నారాయణమూర్తి నటించిన ‘ఒరేయ్ రిక్షా’ (1995)కు ఆయన రాసిన అన్నాచెల్లెళ్ళ పాటను వందేమాతరం శ్రీనివాస్ పాడాడు. దానికి ఉత్తమ గేయ రచయితగా రాష్ట్ర ప్రభుత్వం నంది పురస్కారం ప్రకటిస్తే గద్దర్ తీసుకోలేదు. ఎన్. శంకర్ ‘జై బోలో తెలంగాణ’ (2011)లో పాడిన పాట తెలంగాణ సభలకు ప్రారంభ గీతం వంటిదైంది.

చివరి దశ, విమర్శలు

2010లో తెలంగాణ ప్రజా ఫ్రంట్ పెట్టాడు. తర్వాతి ఏళ్ళలో మావోయిస్టు రాజకీయాలకు దూరమై, రాజ్యాంగాన్ని, అంబేడ్కర్‌ను ముందు పెట్టి మాట్లాడాడు. ఎన్నికల బహిష్కరణ పాటలు పాడినవాడు 2018లో మొదటిసారి ఓటు వేశాడు. గుళ్ళకు వెళ్ళడం, ప్రధాన పార్టీల వేదికలెక్కడం పాత సహచరుల్లో చాలామందికి మింగుడుపడలేదు. జనం ఎటు ఉంటే పాట అటు వెళ్ళిందని సమర్థించినవారూ ఉన్నారు. 2023 జూన్‌లో గద్దర్ ప్రజా పార్టీ ప్రకటించాడు. రెండు నెలలు తిరగకుండానే గుండె శస్త్రచికిత్స అనంతరం మరణించాడు. ప్రభుత్వ లాంఛనాలతో, అల్వాల్‌లో తాను స్థాపించిన మహాబోధి విద్యాలయం ఆవరణలో ఖననం చేశారు.

2024 జనవరిలో తెలంగాణ ప్రభుత్వం రాష్ట్ర చలనచిత్ర పురస్కారాలకు గద్దర్ పేరు పెడుతున్నట్టు ప్రకటించింది. 2025 జూన్‌లో తొలిసారి వాటిని ప్రదానం చేశారు. ఒకప్పుడు నందిని వద్దన్నవాడి పేరు ఇప్పుడు ఆ నంది కూర్చున్న పీట మీద ఉంది.