సతారా సింహాసనము: రంగో బాపూజీ రాయబారము

రాజ్యభ్రష్టులైన రాజులు మరల రాజ్యము నందిన కథలు మన వాఙ్మయమున కొల్లలు. నలుడు జూదములో పోగొట్టుకొన్న దానిని జూదములోనే గెలుచుకొనెను. హరిశ్చంద్రునకు కాటికాపరితనము ముగియగానే కిరీటము లభించెను. పాండవుల పక్షమున మొదట రాయబారము నడచెను. అది విఫలమైనపుడు కురుక్షేత్రము నడచెను. చరిత్రలోని రాజుల కిట్టి భాగ్యము అరుదు. దేశము వెడలగొట్టబడిన రాజవంశమును మరల నిలుపుటకై జరిగిన ఉద్యమములలో పెక్కు కత్తితో నడచినవి. సతారా ఛత్రపతి కొరకు జరిగినది మాత్రము పదునాలుగేండ్లకు పైగా కాగితముతో నడచెను. అది నడచిన చోటు సహ్యాద్రి కాదు, లండను నగరము.

పందొమ్మిదవ శతాబ్ది ఆరంభము నాటికి శివాజీ వంశమునకు మిగిలినది బిరుదము మాత్రమే. అధికారమంతయు పూనాలోని పీష్వాలది. ప్రతి పీష్వాయు తన పదవీవస్త్రములను ఛత్రపతి చేతుల మీదుగనే పొందవలెను గాని, ఆ ఛత్రపతికి సతారా దాటి పోవు స్వేచ్ఛ లేదు. 1793లో జన్మించిన ప్రతాపసింహుడు 1808లో, పదునైదేండ్ల ప్రాయమున, ఇట్టి సింహాసనము నెక్కెను. 1818 ఫిబ్రవరిలో అష్టి యుద్ధమున పీష్వా సేనాని బాపూ గోఖలే మరణించెను. రెండవ బాజీరావు తన వెంట త్రిప్పుకొనుచుండిన ఛత్రపతి కుటుంబము ఇంగ్లీషువారి చేతికి వచ్చెను. ఆ నెలలోనే ఎల్ఫిన్‌స్టన్ ఒక ప్రకటన గావించి, ఛత్రపతిని చెర విడిపించి ఆతనికి రాజ్యము నిచ్చెదమని మహారాష్ట్రులకు వాగ్దానము చేసియుండెను. ఇది దయాధర్మము కాదు, రాజనీతి. పీష్వాపై పోరాడుచున్నవారు శివాజీ గద్దెపై పోరాడుటలేదని సర్దారులకు నమ్మకము కలిగింపవలసియుండెను.

1819 సెప్టెంబరు 25వ తేదీన సంధి జరిగెను. రాజ్యము ప్రతాపసింహునకును, ఆతని వారసులకును శాశ్వతముగ ఉండునని అందు వ్రాయబడెను. రెసిడెంటు ద్వారమున తప్ప పరరాజులతో ఉత్తరప్రత్యుత్తరములు జరుపరాదనియు వ్రాయబడెను. ఈ రెండు మాటలను పాఠకులు గుర్తుంచుకొనవలెను. తరువాతి ముప్పదియేండ్ల వివాదమంతయు వీని చుట్టునే తిరిగెను.

తొలి రెసిడెంటు జేమ్సు గ్రాంటు, మహారాష్ట్ర చరిత్రకారుడుగ లోకమునకు తెలిసిన గ్రాంటు డఫ్ ఇతడే. రాజు పరిపాలనను నేర్చిన పిదప, 1822లో, అధికారమును పూర్తిగ ఆతనికి అప్పగించి ఇతడు స్వదేశమునకు మరలెను. ప్రతాపసింహుడు సోమరి రాజు కాడు. లెక్కలు తానే చూచెడివాడు, దినచర్య వ్రాసికొనెడివాడు, మహాబలేశ్వరమునకు బాట వేయించెను. 1829లో ఆ కొండను ఇంగ్లీషువారికిచ్చి బదులుగా ఖండాలా అను గ్రామమును పుచ్చుకొనెను. బొంబాయి దొరలకు వేసవి విడిది ఆ విధముగ అమరెను. 1835 చివర కంపెనీ డైరెక్టర్లు ఆతని పరిపాలనను మెచ్చుకొని ఒక ప్రశంసాలేఖను, ఒక ఖడ్గమును పంప నిశ్చయించిరి. ఆ ఖడ్గము రాజునకు చేరలేదు. బొంబాయి ప్రభుత్వము నడుమనే నిలిపివేసెను.

కారణమేమనగా, అప్పటికే తగవు ముదిరియుండెను. సతారాకు లోబడిన జాగీర్లపై హక్కు ఎవరిదను ప్రశ్న వచ్చినపుడు రాజు సంధిపత్రమును చూపి పట్టుపట్టెను. బొంబాయివారికి ఈ పట్టుదల రుచించలేదు. 1836లో, ఇరువదిమూడవ పటాలములోని సుబేదార్లను రాజు ప్రలోభపెట్టెనని ఫిర్యాదు రాగా రహస్య విచారణసంఘమొకటి కూర్చుండెను. అందు సభ్యులు మువ్వురు: రెసిడెంటు లాడ్విక్, కర్నల్ ఓవాన్స్, బొంబాయి ప్రభుత్వ కార్యదర్శి విల్లోబీ. ఈ మూడవవాని పేరు మరల రాగలదు. పిదప గోవాలోని పోర్చుగీసులతో కుట్ర, జోధపురములో తలదాచుకొన్న నాగపుర మాజీరాజు అప్పాసాహెబుతో మంతనము అను మరి రెండు నేరములు చేర్చబడెను. గోవా సైన్యము వచ్చి ఇంగ్లీషువారిని హిందూస్థానము నుండి తరుముననుట నేడు చదివినవారికి నవ్వు పుట్టించును. రాజు తన హక్కులకై తెలివితక్కువ మనుష్యులతో తెలివితక్కువ మాటలాడియుండవచ్చును. అంత మాత్రమున యుద్ధసన్నాహమని నిర్ణయించుట వేరు మాట.

సాక్ష్యముల తీరు మరియు విచిత్రము. దివాను గోవిందరావు అహమద్‌నగరు చెరలో ఉన్నప్పుడు ఇచ్చిన వాఙ్మూలము ముఖ్యమైన ఆధారము. అంతకు ముందు గోవిందరావు తల్లి పేర, రాజుపై నేరము మోపుచు, ప్రభుత్వమునకొక అర్జీ చేరియుండెను. ఆ అర్జీని వ్రాసినది తానేనని, అందుకు ముట్టవలసిన ప్రతిఫలము తనకు ముట్టలేదని, కృష్ణాజీ సదాశివ భిడే అనునతడు తరువాత ప్రభుత్వమునకే మొరపెట్టుకొనెను! ఇట్టి కాగితము దస్త్రములో ఒకసారి చేరిన తరువాత దానిని బయటికి తీయుట ఎంత కష్టమో కచేరీలలో పనిచేయువారికి వేరుగ చెప్పనక్కరలేదు.

1839లో బొంబాయి గవర్నరు సర్ జేమ్సు కార్నాక్ స్వయముగ సతారాకు వచ్చెను. ఆతడు తెచ్చిన పత్రములోని షరతులు వినుటకు తేలికైనవే: సంధిని పాటింపవలెను, తమ్మునకు రక్షణ నొసగవలెను, జాగీర్ల విషయము విడువవలెను. అయితే రాజు దుర్బోధలు విని ప్రభుత్వమునకు విరోధముగ నడచెననియు, ఆ తప్పు క్షమింపబడుచున్నదనియు పీఠికలో వ్రాయబడియుండెను. సంతకము చేసినచో నేరము నొప్పుకొన్నట్లే. ప్రతాపసింహుడు చేయననెను. ఆస్తినైనను, రాజ్యమునైనను విడుతును గాని చేయని ద్రోహమును చేసితినని వ్రాసియీయననుట ఆతని సమాధానపు సారాంశము. గవర్నరు బతిమాలెను, బెదరించెను. రాజు మాట మారలేదు. ఒక్క సంతకముతో గద్దె నిలిచెడిది. తరువాతి ఉద్యమమునకు బలమంతయు ఆ చేయని సంతకములోనే ఉన్నది.

1839 సెప్టెంబరు 5వ తేదీన సైన్యము రాజభవనమును చుట్టుముట్టి రాజును సమీపమున నున్న లింబ్ గ్రామమునకు తరలించెను. తమ్ముడు శహాజీ అప్పాసాహెబు గద్దె నెక్కింపబడెను. ప్రతాపసింహుడు సపరివారముగ కాశికి పంపబడెను. దారిలోనే ఆతని బంధువు బాలాసాహెబు సేనాపతి మరణించెను. కాశికి పోవుట హిందువులకు పుణ్యము. ఈ యాత్రికునకు మాత్రము తిరుగుప్రయాణము నిషేధింపబడెను.

రాజు పక్షమున మీర్ అఫ్జల్ అలీ మున్నగు వకీళ్ళు ఇంగ్లండు చేరియుండిరి. 1840లో వచ్చిన రంగో బాపూజీ గుప్తే వారందరికంటెను ఎక్కువకాలము నిలిచెను. శివాజీకి తొలినాళ్ళలో తోడునిలిచిన దాదాజీ నరసప్రభు వంశమువాడితడు. తలపాగాతో లెడన్‌హాల్ వీథిలోని ఇండియా హౌసు మెట్లెక్కిన ఈ మరాఠీ కాయస్థుడు కోరినది సింహాసనము కూడ కాదు. మా రాజును విచారింపుడు, సాక్షులను ఎదుట నిలుపుడు, నేరము రుజువైనచో శిక్షింపుడు అనుటయే ఆతని మొర. పాండవులు అయిదూళ్ళతో తృప్తిపడుదుమనిరి. రంగో బాపూజీ ఒక్క విచారణతో తృప్తిపడుదుననెను. అదియును దొరకలేదు.

ఎందుకు దొరకలేదు? మొర ఎవరిమీదనో ఆ బొంబాయి ప్రభుత్వము ద్వారమునే మొర రావలెనని డైరెక్టర్ల నియమము. పదభ్రష్టుడైన రాజు వకీలును వారు వకీలుగ గుర్తింపరు. పై నున్న బోర్డు ఆఫ్ కంట్రోలు డైరెక్టర్ల నిర్ణయమును కదపదు. పార్లమెంటు కంపెనీ పరిపాలనలో తొందరపడి జోక్యము చేసికొనదు. ఒక ద్వారము నుండి మరియొక ద్వారమునకు తిరుగుటలోనే సంవత్సరములు గడచెను. వాదియు, న్యాయాధిపతియు ఒక్కరే అయినపుడు విచారణ కోరుట న్యాయాధిపతినే బోనెక్కించుట యగునని డైరెక్టర్లకు బాగుగ తెలియును.

ఒక్క తలుపు మాత్రము కొంచెము తెరచియుండెను. కంపెనీ వాటాదార్ల మహాసభలో ఎవరైనను సభ్యుడు ప్రశ్నను లేవనెత్తవచ్చును. రంగో బాపూజీ ఆ తలుపు దగ్గర కాచుకొని కూర్చుండెను. సతారా మాజీ రెసిడెంటు జనరల్ బ్రిగ్సు రాజు పక్షమున మాటలాడెను. రహస్య విచారణసంఘములో కూర్చుండిన లాడ్విక్‌యే తన తొలి అభిప్రాయమును విడిచి రాజునకు అన్యాయము జరిగెనని వాదించెను. అధికారులలో ఇట్టి మనఃపరివర్తనము తరచుగ కనబడదు. బానిసత్వ నిర్మూలనమునకై పనిచేసిన జార్జి థామ్సను ఉపన్యాసములిచ్చెను. పార్లమెంటులో జోసెఫ్ హ్యూము పలుమారులు ఈ విషయమును తెచ్చెను. 1840, 41లలో చర్చలు దినముల తరబడి సాగెను. సతారా పత్రములు పెద్ద సంపుటములుగ అచ్చయ్యెను. ఓట్లు లెక్కించినపుడెల్ల రాజు పక్షము ఓడెను.

స్వదేశమున ఉద్యమము లేకపోలేదు. 1841లో నరసింగరావు పేట్కర్ అను అంధుడు నిజాము రాజ్యము నుండి అరబ్బు సిపాయిలను తెచ్చి బాదామి కోటను పట్టుకొనెను. అది సతారా పక్షమున లేచినదని చెప్పుదురు. కొలదిదినములలోనే అణగిపోయెను. ఇట్టి అలజడి లండనులో వకీలునకు మేలు చేసియుండదు. శాంతిపరులమని వాదించువానికి ఎక్కడనో కోట పట్టుకొన్న వార్త చేరుట ఇబ్బందికరము. కత్తి పట్టినవారు, కలము పట్టినవారు ఒకరికొకరు తోడైన జాడ సతారా చరిత్రలో 1857 వరకు కనబడదు.

1847 అక్టోబరు 14వ తేదీన ప్రతాపసింహుడు కాశిలో మరణించెను. ఆతనికి దత్తపుత్రుడు కలడు. మరుసటి ఏప్రిల్ 5న సతారాలో శహాజీయు మరణించెను. ఆతడును మరణశయ్యపై ఒక బాలుని దత్తత చేసికొనెను. అన్నదమ్ములిద్దరికిని దత్తపుత్రులు కలిగిరి, రాజ్యము మాత్రము ఎవరికిని దక్కలేదు. బొంబాయి గవర్నరు సర్ జార్జి క్లర్కు, రెసిడెంటు బార్టిల్ ఫ్రియరు దత్తతను ఆమోదింపుమనిరి. అందుకు విరుద్ధముగ దీర్ఘమైన నోటు వ్రాసినవాడు బొంబాయి కౌన్సిలు సభ్యుడు విల్లోబీ. పండ్రెండేండ్ల క్రిందట ప్రతాపసింహునిపై విచారణ జరిపినవాడే ఆతని వంశమునకు తుదివాక్యమును వ్రాసెను. డల్హౌసీకి ఆ నోటు ఎంతయో నచ్చెను. 1849 జనవరిలో డైరెక్టర్లు దానికి ఆమోదముద్ర వేసిరి. సంధిలోని ‘వారసులకు శాశ్వతముగ’ అను మాటకు అర్థము ముప్పదియేండ్లని తేలెను.

డల్హౌసీ రాజ్యసంక్రమణ సిద్ధాంతమునకు తొలి ఆహుతి సతారా. 1855లో తంజావూరునకును అదే గతి పట్టెను. ఆంధ్రులకు ఆ భోసలవారు పరాయివారు కారు. శివాజీ తమ్ముడు ఏకోజీ స్థాపించిన ఆ సంస్థానమును 1684 నుండి 1712 వరకు ఏలిన శహాజీ తెలుగున యక్షగానములు రచించిన ప్రభువు.

రాజు మరణించిన తరువాతను రంగో బాపూజీ లండను విడువలేదు. కాశి నుండి వచ్చుచుండిన సొమ్ము తగ్గెను, అప్పులు పెరిగెను. రాణుల హక్కులకై, దత్తపుత్రుని హక్కులకై విజ్ఞాపనములను అచ్చువేయించి పంచుచునే యుండెను. 1853 చివర ఆతడు తిరుగుప్రయాణము కట్టెను.

1857లో సతారా ప్రాంతమున తిరుగుబాటునకై జనమును కూర్చుచుండిన కుట్ర బయటపడెను. దాని సూత్రధారి రంగో బాపూజీ యని ప్రభుత్వము నిశ్చయించెను. పదునాలుగేండ్లు విచారణ కోరినవానికి ఇప్పుడు ఆతని పక్షమువారి విచారణ మాత్రము అతివేగముగ ముగిసెను. సెప్టెంబరు 8వ తేదీన సతారాలో పదునేడుగురికి మరణశిక్ష జరిగెను. కొందరిని ఉరి తీసిరి, కొందరిని కాల్చిరి, కొందరిని ఫిరంగులకు కట్టి పేల్చిరి. వారిలో రంగో బాపూజీ కుమారుడు సీతారాముడు కలడు. రాణులను, దత్తపుత్రుని సతారా నుండి తొలగించి మొదట బొంబాయి రేవులోని దీవిలోను, తరువాత కరాచీలోను ఉంచిరి.

ఇదే పద్ధతిలో నడచిన మరియొక ప్రయత్నము ఫలించినది. మైసూరు కృష్ణరాజ ఒడయరు 1831లో పరిపాలనాధికారమును కోల్పోయి, ముప్పదియేండ్లకు పైగా మొరపెట్టుకొనుచునే యుండెను. ఆతడు 1865లో చేసికొన్న దత్తత మొదట తిరస్కరింపబడినను 1867లో అంగీకరింపబడెను. 1881లో మైసూరు ఆ దత్తపుత్రునకు అప్పగింపబడెను. మైసూరు వకీళ్ళు రంగో బాపూజీకంటె సమర్థులని దీని అర్థము కాదు. నడుమ 1857 జరిగెను. సంస్థానాధీశులు తుపానుకు అడ్డుకట్టలుగ పనికివచ్చిరని ప్రభుత్వమునకు తోచెను. 1858 నాటి రాణీ ప్రకటన దత్తతలపై భయమును తొలగించెను. అప్పటికే కలిపివేసిన సతారా సంగతి మరల తెరువబడలేదు.

ఆ వంశీయులు నేటికిని సతారాలోనే నివసించుచున్నారు. స్వతంత్ర భారతమున శాసనసభకు, పార్లమెంటునకు వారు ప్రజల ఓట్లతో ఎన్నికైరి. ప్రతాపసింహుని, ఆతని వకీలును గూర్చి మరాఠీలో ప్రబోధనకార్ ఠాక్రే 1948లో ఒక గ్రంథము ప్రకటించెను. అజింక్యతార కోట చెంత, ప్రతాపసింహుని కాలమున నిర్మింపబడిన ‘చార్ భింతీ’ అను నాలుగు గోడల కట్టడము 1857 అమరుల స్మారకముగ నిలిచియున్నది. రంగో బాపూజీ మాత్రము ప్రభుత్వము బహుమానము ప్రకటించినను, ఊరూర వెదకించినను, మరల ఎవరికిని చిక్కలేదు.