పాతతీర్పు – క్రొత్తవ్యాజ్యము

ఒకరికి చెప్పిన న్యాయమే అట్టి స్థితిలోనున్న వేఱొకరికిని చెప్పవలెననుట న్యాయస్థానములకు మూలనియమము. నిన్న తేలిన ప్రశ్నయే నేడు మరల వచ్చినచో న్యాయాధిపతి తన యిచ్చవచ్చినట్లు తీర్పు చెప్పరాదు; పూర్వనిర్ణయమును చూడవలెను. లేనిచో న్యాయము మనిషినిబట్టి మాఱును. ప్రజలు దేనిని నమ్మి నడచుకొనవలెనో తెలియకుండును. అయినను పూర్వనిర్ణయము ననుసరించుట వేఱు, గతానుగతికముగా పోవుట వేఱు. ఈ భేదమును మన గృహజీవనమునకు సంబంధించిన యొక చరిత్రవలన గ్రహింపవచ్చును.

కాపురమునకు రానన్న భార్యను రప్పింపుమని భర్త కోర్టు నాశ్రయించు దావాకు దాంపత్యహక్కుల పునరుద్ధరణమని పేరు. ఇది మన ధర్మశాస్త్రములనుండి వచ్చినది కాదు. ఇంగ్లండునందలి చర్చి న్యాయస్థానములనుండి వచ్చినది. 1867లో ప్రీవీ కౌన్సిలు ఒక మహమ్మదీయదంపతుల వ్యాజ్యమున, ఇట్టి దావా ఈ దేశపు సివిలు కోర్టులలో చెల్లునని నిర్ణయించెను.

1884లో దాదాజీ భికాజీ యనునతడు రుఖ్మాబాయిపై బొంబాయి హైకోర్టున ఇట్టి దావా తెచ్చెను. ఆమెకు 11వ యేట వివాహమైనది. అతనితో నెన్నడును కాపురము చేసి యెఱుగదు. 1885లో జస్టిస్ పిన్హీ దావాను కొట్టివేసెను. కలసి కాపురము చేసి విడిపోయినవారి విషయమున పూర్వపు తీర్పులు కలవు. కాపురమే లేనిచోట పునరుద్ధరింపవలసిన దేమున్నదని ఆయన వాదము. 1886లో అప్పీలు విన్న ప్రధానన్యాయాధిపతి సార్జెంటును, జస్టిస్ బేలీయును ఈ భేదమును అంగీకరింపలేదు. 1887 మార్చిలో జస్టిస్ ఫారన్, నెలలోపల భర్తయింటికి పోవలెననియు, పోనిచో 6 నెలలు చెఱసాల యనియు ఉత్తరువు చేసెను. చెఱసాలకే పోదునని ఆమె నిశ్చయించుకొనెను. 1888లో 2,000 రూపాయలతో రాజీ కుదిరినది. ఆమె లండనులో వైద్యవిద్య నభ్యసించి, తిరిగివచ్చి సూరతులో చిరకాలము స్త్రీలకు వైద్యము చేసెను.

చెఱసాల శిక్షను 1923లో తొలగించిరి, దావా నిలిచినది. ఇంగ్లండు 1970లో దానిని రద్దుచేసికొనెను. మన 1955 హిందూ వివాహచట్టమో, 9వ సెక్షనులో దానిని భార్యాభర్తల కిరువురకును ఒసగెను.

1983లో ఒక భర్త తెచ్చిన వ్యాజ్యమున, ఆ సెక్షను రాజ్యాంగవిరుద్ధమని ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో జస్టిస్ పి. ఏ. చౌదరి తీర్పు చెప్పెను. స్త్రీ తన శరీరముపై తనకుగల యధికారమును ఆమె చేతినుండి తీసి ప్రభుత్వము చేతిలో పెట్టుట తగదని ఆయన తలంపు. ఆ సంవత్సరమే ఢిల్లీ హైకోర్టు అదే ప్రశ్నకు విరుద్ధమైన సమాధానము చెప్పెను. ఒక హైకోర్టు తీర్పు మఱియొక హైకోర్టునకు ఆదరణీయమే కాని అనుల్లంఘనీయము కాదు. 1984లో సుప్రీంకోర్టు న్యాయాధిపతు లిద్దఱు ఢిల్లీ పక్షమును గైకొనిరి. రాజ్యాంగము 141వ అధికరణముచొప్పున ఆ మాట కోర్టుల కెల్లను శిరోధార్యమయ్యెను. అయితే అచ్చట 9వ సెక్షను క్రింద దావా తెచ్చినది భార్యయే యని చదువరులు గమనింతురుగాక! ప్రశ్న ఒక్కటియే; దాని వెనుకనున్న బ్రదుకులు వేఱు.

2017లో తొమ్మండుగురు న్యాయాధిపతులు గోప్యత మౌలికహక్కని తీర్మానించిరి. ఇద్దఱి మాటకంటె తొమ్మండుగురి మాట బలవత్తరము. ఆ బలముతోనే 2019లో 9వ సెక్షనును సుప్రీంకోర్టున మరల ప్రశ్నించిరి.

కావున పాతతీర్పును చేతబట్టిన న్యాయాధిపతి కొన్ని విషయములు విచారింపవలెను. రెండు వ్యాజ్యముల వాస్తవములును నిజముగా ఒక్కటియేనా? ఆ తీర్పు చెప్పిన కోర్టేది, న్యాయాధిపతు లెందఱు? నాటి తీర్పునకు ఆధారమైన న్యాయసూత్రము నేటికిని నిలిచియున్నదా? ఇవి విచారించి అనుసరించిన తీర్పు న్యాయము. విచారింపక అనుసరించినది అలవాటు మాత్రమే.

మన యిండ్లలోను “పెద్దలిట్లే చేసిరి” అనుమాట యొక పూర్వనిర్ణయమే. దానిని త్రోసివేయనక్కఱలేదు. కాని ఆడుబిడ్డ యొకతె తన కష్టమును చెప్పుకొనినప్పుడు, పెద్దల కాలమున వచ్చిన ప్రశ్నయు నేడామె యడుగుచున్న ప్రశ్నయు ఒక్కటియేనా యని ముందుగా విచారించుట గృహస్థులకును ధర్మము.