దేగ్‌లో దించిన కఫ్‌గీర్

చిన్నప్పుడు మా కర్నూలు మొహల్లాలో షాదీ అంటే నేను దస్తర్‌ఖాన్ దగ్గర కాదు, బావర్చీ చాచా దగ్గరే ఉండేవాణ్ని. దమ్ విప్పాక ఆయన పైనున్న నాలుగు మెతుకులు నలిపి చూసి బిర్యానీ అయిపోయిందనేవాడు కాదు. కఫ్‌గీర్‌ను దేగ్ అంచు వెంబడి అడుగుదాకా దించి, పైపొర, నడిపొర, అడుగున గోష్త్ అన్నీ ఒకేసారి వచ్చేలా తీసేవాడు. "పైది చూసి చెప్పేవాడు బావర్చీ కాదు బేటా" అనేవాడు.

సర్వేల గురించి నేను నేర్చుకున్న పహలా సబఖ్ అదే. అర్థమైంది మాత్రం చాలా ఏళ్లకు, ఒక గలతీ చేశాక.

రిపోర్టర్‌గా చేరిన కొత్తలో, ఎన్నికల ముందు, "ముస్లింలు ఏమనుకుంటున్నారు?" అని ఒక వార్త రాశాను. జుమ్మా నమాజ్ అయ్యాక మస్జిద్ గేటు దగ్గర నిలబడి వందమందిని అడిగి, ఫీసద్‌లు కట్టి ఇచ్చాను. నా పేరుతో అచ్చయింది. అమ్మీకి తెలుగు చదవడం రాదు, నేనే చదివి వినిపించాను. అంతా విని ఒకటే అడిగింది: "మేరెకు కోన్ పూఛే రే? తేరీ ఆపాకు కోన్ పూఛే?" నన్నెవరు అడిగారు, మీ అక్కనెవరు అడిగారు?

జవాబు లేదు నా దగ్గర. గేటు దగ్గర నాకు దొరికినవాళ్లంతా మగవాళ్లు, ఆ పూట పని వదిలి రాగలిగినవాళ్లు. లారీ మీదున్న డ్రైవర్, ఇంట్లో జరీ కుట్టే ఆపా, మంచంలో ఉన్న దాదా నా లెక్కలో లేరు. ఉర్దూ మీడియం స్కూల్లో ఔసత్, ఫీసద్ నేర్పారుగానీ, లెక్కలోకి ఎవరిని తీసుకోవాలో ఎవరూ నేర్పలేదు.

తర్వాత చదివితే తెలిసింది, ఇదే గలతీ నాకన్నా చాలా పెద్దవాళ్లు చేశారని. 1936లో అమెరికా అధ్యక్ష ఎన్నికల ముందు లిటరరీ డైజెస్ట్ అనే పత్రిక దాదాపు కోటి మందికి కార్డులు పంపింది. సుమారు 24 లక్షల జవాబులు వచ్చాయి. వాటిని చూసి లాండన్ గెలుస్తాడని రాసింది. రూజ్‌వెల్ట్ 48 రాష్ట్రాల్లో 46 గెలిచాడు. పత్రిక చిరునామాలు ఎక్కువగా టెలిఫోన్ డైరెక్టరీల నుంచి, కార్ల రిజిస్టర్ల నుంచి తీసుకుంది. ఆ మాంద్యం రోజుల్లో ఫోనూ కారూ ఉన్నది ఎవరికి? పైగా కార్డు అందినవాళ్లలోనూ పట్టుదల ఉన్నవాళ్లే తిప్పి పంపారు. కేవలం 50 వేల మందిని అడిగిన జార్జ్ గాలప్ రూజ్‌వెల్టే అన్నాడు. నిజమైంది.

అదే గాలప్ 1948లో బోల్తా పడ్డాడు. ఇంతమంది మగవాళ్లు, ఇంతమంది ఆడవాళ్లు, ఇంతమంది గరీబులు అని కోటా ఇచ్చి, మనుషుల్ని ఎంచుకునే పని మాత్రం అడిగేవాళ్లకే వదిలేశారు. వాళ్లు తేలిగ్గా దొరికినవాళ్లనే అడిగారు. ఓడిపోతాడన్న ట్రూమన్ గెలిచాడు. గుంపు పెద్దదైతే చాలదు, కోటా నిండినా చాలదు. ఎంపిక మనిషి ఇష్టంలో ఉండకూడదు. మరి ఎవరి చేతిలో ఉండాలి?

మనకు తెలిసిన మాటలో చెప్తాను: ఖురా. హజ్‌కు దరఖాస్తులు ఎక్కువైతే ఖురా తీస్తారు కదా. అమీర్, గరీబ్, సిఫారిష్ ఏదీ నడవదు. నమూనా తీయడంలోనూ అసలు ఉసూల్ ఇదే. ప్రతి ఇంటికీ ఎంపికయ్యే అవకాశం ఉండాలి, ఆ అవకాశం ఎంతో ముందే తెలియాలి.

ఈ పని హిందుస్తాన్‌లో పెద్ద ఎత్తున మొదలుపెట్టింది ప్రశాంత చంద్ర మహలనోబిస్. 1931లో కలకత్తాలో ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ స్థాపించాడు. 1937 నుంచి బెంగాల్‌లో జనపనార పంట విస్తీర్ణాన్ని నమూనాలతో అంచనా కట్టాడు. ఆ పంట వేసిన తూర్పు బెంగాల్ రైతుల్లో ఎక్కువమంది ముస్లింలే. ప్రతి పొలం కొలవాలంటే ఖర్చు ఎక్కువ, సిబ్బంది ఎక్కువ, తప్పులూ ఎక్కువ. ఆయన మ్యాప్ మీద గడులను ఖురా పద్ధతిలో ఎంచి, వాటినే జాగ్రత్తగా కొలిపించాడు. ఒకే ప్రాంతంలో రెండు విడి నమూనాలు రెండు బృందాలకిచ్చి, రెండు హిసాబ్‌లూ పోల్చి చూసేవాడు. లెక్కించేవాడి లెక్కకూ గవాహీ కావాలి కదా. ఈ అనుభవంతోనే 1950లో నేషనల్ శాంపుల్ సర్వే పుట్టింది.

ఇక మన సంగతి. 2005 మార్చిలో ఏర్పడి 2006 నవంబర్‌లో రిపోర్ట్ ఇచ్చిన జస్టిస్ రాజిందర్ సచార్ కమిటీ పేరు వినని ముస్లిం ఇల్లు తక్కువ. అది 2001 మర్దుమ్ షుమారీతో పాటు శాంపుల్ సర్వే 61వ విడత అంకెల మీద ఆధారపడింది. 2004-05లో జరిగిన ఆ విడతలో దేశమంతా తిరిగిన ఇళ్లు సుమారు 1,25,000. ముందు ఊళ్లు, పట్టణాల బ్లాకులు. ఆ తర్వాత వాటిలో ఇళ్లు, కలిగినవాళ్లు వేరుగా, లేనివాళ్లు వేరుగా. బావర్చీ చాచా కఫ్‌గీర్ అదే కదా! సగటున ఒక్కో ఇల్లు పదిహేను వందలకు పైగా ఇళ్ల తరఫున మాట్లాడింది.

ముస్లిం పనివాళ్లలో 61 శాతం సొంత చిన్నా చితకా పనుల మీదే బతుకుతున్నారని, హిందువుల్లో అది 55 శాతమని ఆ రిపోర్ట్ చెప్పింది. ముస్లిం పిల్లలంతా మదర్సాలకే పోతారన్న మాటకు కూడా అందులోనే జవాబు దొరికింది. మరో నమూనా సర్వే ప్రకారం మదర్సాలో చదివేది 4 శాతమే. మదర్సా కంటికి కనిపిస్తుంది, సర్కారీ బడిలో కూర్చున్న మన పిల్లలు కనిపించరు. అందుకే కంటి అందాజా కన్నా ఖురా లెక్క మేలు. అయితే దేశం నమూనాతో మన తాలూకా గురించి దావా చేయకూడదు. అక్కడ తీసిన ఇళ్లు అందుకు చాలవు.

ఇప్పుడు నా బాధ చెప్తాను. సర్వే వాళ్లు వస్తే మన గల్లీల్లో కొన్ని తలుపులు మూసుకుంటున్నాయి. కాగజాత్ అడుగుతారేమో అన్న డర్ ఉత్తిదేమీ కాదు. వచ్చినవాళ్ల ఐడీ కార్డు చూడండి, ఎందుకో అడగండి, ఇంట్లో చదువుకున్నవాళ్లను పక్కన కూర్చోబెట్టుకోండి. కానీ తలుపు మూస్తే ఏమవుతుందో కూడా తెలుసుకోండి. ఆ ఇంటికి బదులు తలుపు తెరిచిన మరో ఇంటిని తీసుకుంటారు. డైజెస్ట్ పత్రికకు కార్డు తిప్పి పంపనివాళ్లలాగే మనమూ హిసాబ్‌లోంచి మాయమవుతాం. రేపు స్కాలర్‌షిప్‌కో రిజర్వేషన్‌కో అంకెలు కావాలంటే ఎక్కడ తెస్తాం?

మొన్నామధ్య ఖర్చుల సర్వేకి మా ఇల్లు తగిలింది. వచ్చినమ్మాయి బియ్యం ఎంత, నూనె ఎంత, దవాలకు ఎంత అని గంటకు పైగా అడిగింది. నేను చెప్పబోతే అమ్మీ ఆపి, అన్నీ తనే చెప్పింది. ఆ అమ్మాయి వెళ్లాక నావైపు చూసి, "ఇస్ బార్ మేరెకు పూఛే" అంది.