జప్తు నుంచి స్వాధీనం దాకా

రంప తిరుగుబాటు అనగానే మనకు 1922, అల్లూరి సీతారామరాజు గుర్తుకొస్తారు. అంతకు నలభై మూడేళ్ళ ముందే, 1879 మార్చిలో, అవే కొండల్లో మన పెద్దలు తిరగబడ్డారు. ద్వారబంధాల చంద్రయ్య, కారం తమ్మన్నదొర వంటివారు ముందు నిలిచారు. ఎందుకు తిరగబడ్డారని పిల్లలు అడిగితే మన్సబుదారు దోపిడీ, కల్లు మీద వేసిన చిగురుపన్ను, పోలీసుల జులుం గురించి చెబుతాం. అవన్నీ నిజమే. ఇంకో కారణాన్ని మాత్రం ఒక్క వాక్యంలో దాటేస్తున్నాం. అది సివిల్ కోర్టు డిక్రీ.

అది ఎలా నడిచేదో చూద్దాం. మైదానం నుంచి చిన్న వ్యాపారి కొండకు వస్తాడు. అప్పిస్తాడు, ఒప్పందం రాయించుకుంటాడు. కాగితంలో ఏముందో నిశానీ పెట్టినవాడికి తెలియదు. తర్వాత వ్యాపారి కింద కోర్టులో దావా వేస్తాడు. మనవాడు వాయిదాకు పోడు. వాయిదా ఉందని తెలిస్తే కదా పోవడానికి! ఎక్స్‌పార్టీ డిక్రీ వస్తుంది. దాన్ని పట్టుకుని జప్తుకు వస్తారు, చేతికందిన సొత్తంతా పట్టుకుపోతారు. అయిదు రూపాయల బాకీకి వంద రూపాయల సొత్తు పోయేదని అప్పట్లో చెప్పుకునేవారట. ఈ సంగతి హెమింగ్వే కూర్చిన గోదావరి జిల్లా గెజిటీరులో ఉంది. తప్పంతా సర్కారుదే, సర్కారు చట్టాలదే అని కొండ జనం అనుకున్నారనీ, తిరగబడటం తప్ప దారిలేదని తలచారనీ కూడా అందులోనే ఉంది. రాసినవాడు తెల్లదొర, మన పక్షం మనిషి కాదు. అందుకే ఆ మాటకు బరువెక్కువ.

తీర్పు కోర్టులో ఉన్నంతకాలం మనవాళ్ళకు అది తెలియనే తెలియదు. సివిల్ న్యాయం మన గడపకు మొదట వచ్చింది జప్తు రూపంలోనే.

గంజాం, విశాఖపట్నం కొండ ప్రాంతాలను 1839 నాటి 24వ చట్టమే మామూలు కోర్టుల నుంచి తప్పించి ఏజెంటు చేతికి ఇచ్చింది. రంపకు ఆ ఏర్పాటు లేదు. తిరుగుబాటు తర్వాతే ఇక్కడా ఏజెన్సీ పాలన వచ్చింది. ఆపైన 1917లో మద్రాసు ప్రభుత్వం ఏజెన్సీ ప్రాంతాల వడ్డీ, భూబదలాయింపు చట్టం తెచ్చింది. కొండజాతివారి అప్పు మీద వడ్డీ ఏడాదికి నూటికి 24 దాటకూడదు, మొత్తం వడ్డీ అసలును మించకూడదు. ఏజెంటు అనుమతి లేకుండా వారి భూమి బయటివారికి పోతే ఆ బదలాయింపు చెల్లదు. డబ్బు డిక్రీ కింద వారి భూమిని జప్తు చేసి వేలం వేయడానికి కూడా అడ్డుకట్ట పడింది. ఇదంతా జాలితో చేశారని మనం అనుకోనక్కర్లేదు. కొండలు మళ్ళీ మండుతాయన్న భయం వాళ్ళకు ఉండనే ఉంది.

స్వాతంత్ర్యం తర్వాత 1959 భూబదలాయింపు రెగ్యులేషన్ వచ్చింది, 1963లో తెలంగాణకూ విస్తరించింది. 1970 సవరణతో, అంటే మనం 1/70 అని పిలుచుకునే దానితో, ఏజెన్సీలో భూమి గిరిజనులకు, గిరిజనుల సొసైటీలకు తప్ప ఎవరికి బదిలీ చేసినా చెల్లకుండా పోయింది. అమ్మేవాడు గిరిజనేతరుడైనా అంతే. సుప్రీంకోర్టు 1988లో పి. రామిరెడ్డి కేసులో దీన్ని సమర్థించింది.

ఇప్పుడు డిక్రీ మన పక్షాన ఉంది. మరి అమలు? అయిదు రూపాయల డిక్రీకి కాళ్ళొచ్చి కొండెక్కింది. అయిదెకరాల ఉత్తర్వు మాత్రం ఫైలులోనే పడుకుంటుంది. స్పెషల్ డిప్యూటీ కలెక్టరు ఆక్రమణదారుని ఖాళీ చేయించమని రాస్తారు. పై కోర్టు నుంచి స్టే వస్తుంది. స్టే రాకపోతే ఒకరోజు రెవెన్యూవాళ్ళు వస్తారు, పంచనామా రాస్తారు, సంతకాలు తీసుకుంటారు, జీపెక్కుతారు. కాగితం మీద భూమి మనది. తొలకరికి అదే పాత ట్రాక్టరు ఆ చేలో దిగుతుంది. ఇది ఏ ఒక్క ఊరి కథో అయితే రాసేవాళ్ళం కాదు.

చట్టంలో దీనికి మందు లేదనడం సరికాదు. 1978 సవరణ ప్రకారం, ఖాళీ చేయమని డిక్రీ అయ్యాక కూడా భూమిని పట్టుకుని కూర్చున్నవాడికి ఏడాది వరకు కఠిన శిక్ష, రెండు వేల వరకు జరిమానా, లేదా రెండూ వేయవచ్చు. ఇది పోలీసులు నేరుగా కేసు పెట్టదగిన నేరం. మరో మాట మన టీచర్లకు. కేసు మొదలవడానికి భూమి పోగొట్టుకున్నవాడే రానక్కర్లేదు. సంబంధమున్న ఎవరైనా అర్జీ పెట్టవచ్చు, పబ్లిక్ సర్వెంటు రాతపూర్వకంగా తెలియజేయవచ్చు, అధికారి తనంతట తానే విచారించవచ్చు. ఆశ్రమ పాఠశాలలో పనిచేసే ప్రభుత్వ టీచరు కూడా పబ్లిక్ సర్వెంటే.

భూమి అప్పగించిన రోజు పంచనామాలో హద్దులు, తేదీ, ఎవరికి అప్పగించారన్నది ఉన్నాయో లేదో చదవగలిగిన పిల్లలు నేడు ప్రతి గూడెంలో ఉన్నారు. నకలు అడిగి తీసుకోవాలి. ఆ తర్వాత అడంగల్‌లో, తెలంగాణలో అయితే పహాణీలో, సాగుదారు గడి చూడాలి. అక్కడ పాత పేరు చెరగకపోతే, రేపు స్టే కోసం పోయేవాడు పట్టుకుపోయే మొదటి కాగితం అదే.