రాజు నిద్రలో ఉండగా పెట్టిన పేరు

ఆ రాత్రి ఆల్ఫ్‌హిల్డ్‌కు కాన్పు కష్టమైంది. దగ్గర ఉన్నది కొద్దిమందే: కొందరు ఆడవాళ్లు, ఒక చర్చి గురువు, రాజుగారి ఆస్థాన కవి సిగ్వత్ థోర్దర్సన్. బిడ్డ బయటపడ్డాక చాలాసేపటి దాకా ప్రాణం ఉన్నదీ లేనిదీ ఎవరికీ తెలియలేదు. చివరికి ఊపిరి తీశాడు. ఆ ఊపిరి కూడా ఏ క్షణంలోనైనా ఆగిపోయేలా ఉంది.

సుమారు 1024వ సంవత్సరం. దేశం నార్వే. బిడ్డ తండ్రి ఆ దేశాన్ని ఏలుతున్న ఓలాఫ్ హరాల్డ్‌సన్. తల్లి మాత్రం రాణి కాదు. మంచి వంశంలో పుట్టిన మనిషేనని, చాలా అందగత్తె అని చెప్పుకున్నా, ఆస్థానంలో ఆమెకున్న పేరు ‘రాజుగారి దాసి’. రాణి ఆస్ట్రిడ్ స్వీడన్ రాజు కూతురు.

గురువు సిగ్వత్ వైపు తిరిగి, వెంటనే వెళ్లి రాజుగారికి కబురు చెప్పమన్నాడు. సిగ్వత్ కదల్లేదు. తనంతట తాను లేచేదాకా ఎవరూ నిద్ర చెడగొట్టకూడదని రాజు ఖండితంగా చెప్పి పడుకున్నాడు. ఆ మాట దాటే ధైర్యం తనకు లేదన్నాడు కవి. గురువు ఊరుకోలేదు. బిడ్డ బతికేలా లేడు, జ్ఞానస్నానం ఇప్పుడే జరగాలి, పేరు ఇప్పుడే పెట్టాలి అన్నాడు.

సిగ్వత్ ముందు రెండు దారులున్నాయి. రాజును లేపడం ఒకటి. రాజుకు చెప్పకుండా రాజు కొడుక్కి పేరు పెట్టడం రెండోది. రెండూ ప్రమాదమే. అతను రెండోదాన్ని ఎంచుకున్నాడు. స్నానం చేయించండి, పేరు నేను చెబుతాను, నింద వస్తే నా మీదే రానివ్వండి అన్నాడు.

ఆ చీకట్లో, ఆ తొందరలో, కవి నోట వచ్చిన పేరు మాగ్నస్.

ఎందుకంత తొందర?

ఈ సంఘటనను మనకు అందించినవాడు ఐస్‌లాండ్ చరిత్రకారుడు స్నోరి స్టుర్లుసన్. నార్వే రాజుల చరిత్రగా ప్రసిద్ధికెక్కిన ‘హైమ్స్‌క్రింగ్లా’లో, సుమారు 1230 నాటికి, ఆయన దీన్ని రాసిపెట్టారు.

ఆ రాత్రి అక్కడున్నవాళ్ల భయం అర్థం కావాలంటే ఆ కాలపు ఉత్తర దేశాల ఆచారాలు కొన్ని తెలియాలి. క్రైస్తవం రాకముందు అక్కడ బిడ్డ పుట్టగానే కుటుంబంలో మనిషైపోడు. తండ్రి తనవాడేనని ఒప్పుకోవాలి. నీళ్లు చిలకరించి పేరు పెట్టాలి. అప్పుడే ఆ బిడ్డకు చట్టంలో చోటు. తండ్రి కాదన్న బిడ్డను బయట వదిలేసే ఆచారం కూడా ఉండేది. అంటే పేరు పెట్టడమంటే బతికే హక్కు ఇవ్వడం. ఆ హక్కు తండ్రి చేతిలో ఉండేది.

ఓలాఫ్ ఈ పాత లోకాన్ని మార్చడానికి కంకణం కట్టుకున్న రాజు. సరిగ్గా 1024లోనే మోస్టర్ ద్వీపంలో జరిగిన సభలో, బిషప్ గ్రిమ్‌కెల్ తోడుగా, క్రైస్తవ ధర్మాన్ని దేశ చట్టంగా నిలబెట్టాడని చరిత్ర చెబుతోంది. జ్ఞానస్నానం లేకుండా చనిపోయిన బిడ్డకు పరలోకంలో చోటు లేదని ఆనాటి విశ్వాసం. కాబట్టి సిగ్వత్ రెండు ధర్మాల మధ్య ఇరుక్కున్నాడు. పాత ధర్మం ప్రకారం పేరు పెట్టే హక్కు తండ్రిది. రాజే తెచ్చిన కొత్త ధర్మం ప్రకారం ఒక్క క్షణం ఆలస్యం చేసినా పాపమే.

ఇంట్లో లేని పేరు

తెల్లారింది. సంగతి తెలిసిన రాజు మండిపడ్డాడు. సిగ్వత్‌ను పిలిపించి, నాకు తెలియకుండా నా బిడ్డకు జ్ఞానస్నానం చేయించడానికి నీకెంత ధైర్యమని నిలదీశాడు.

కవి తడుముకోలేదు. బిడ్డ పేరు లేకుండా పోయి ఉంటే సైతాను పాలయ్యేవాడు, ఇప్పుడు దేవుడి బిడ్డ అయ్యాడు అన్నాడు. మీకు కోపం వస్తే పోయేది నా ఒక్క ప్రాణమే, ఇలాంటి పని చేసి పోతే నేనూ దేవుడి దగ్గరికే వెళతానని నమ్మాను అన్నాడు. సైతానుకు ఒక్కణ్ని పోగొట్టుకోవడం కంటే దేవుడికి ఇద్దరం దక్కడం మేలు కదా అన్నది అతని లెక్క.

రాజు రెండో ప్రశ్న వేశాడు. ఆ పేరేమిటి? అది మా వంశంలో లేదే?

ఆ ప్రశ్నలో న్యాయముంది. తాతగారి పేరు మనవడికి పెట్టుకునే మన ఇళ్లలాగే, వాళ్ల ఇళ్లలోనూ పోయిన పెద్దల పేర్లే పిల్లలకు తిరిగొచ్చేవి. ఆ రాజకుటుంబంలో తరతరాలుగా తిరిగిన పేర్లు హరాల్డ్, హాఫ్దాన్, సిగుర్డ్, హాకోన్, ఓలాఫ్. హరాల్డ్ అంటే సేనను ఏలేవాడు. సిగుర్డ్ అంటే విజయాన్ని కాపాడేవాడు. ఓలాఫ్ అన్న పేరుకు మూలార్థం పూర్వీకులు విడిచివెళ్లిన సొత్తు. మాగ్నస్ వీటిలో దేనికీ చుట్టం కాదు. అసలది నార్స్ మాటే కాదు, లాటిన్. అర్థం ‘గొప్పవాడు’.

తెలిసినవాళ్లలో లోకంలోకెల్లా ఉత్తముడైన రాజు ‘కార్లా మాగ్నుస్’ పేరు పెట్టానని సిగ్వత్ జవాబిచ్చాడు. 800లో క్రిస్మస్ నాడు రోమ్‌లో చక్రవర్తిగా కిరీటం ధరించి, 814లో ఆకెన్ నగరంలో కన్నుమూసిన షార్లెమాన్ అతనే. ఆయన అసలు పేరు కార్ల్. లాటిన్‌లో రాసేవాళ్లు ‘కరోలుస్ మాగ్నుస్’ అన్నారు, అంటే మహా కార్ల్. ఇక్కడో విచిత్రం జరిగింది. తూర్పున స్లావ్ జాతులు ఆయన అసలు పేరును తీసుకుని ‘రాజు’ అనే అర్థమిచ్చే మాటగా చేసుకున్నాయి. ఉత్తరాన సిగ్వత్ ఆయన బిరుదును తీసుకుని ఒక పసివాడి పేరుగా చేశాడు.

రాజు కోపం చల్లారింది. నువ్వు అదృష్టవంతుడివి, తెలివి ఉన్నచోట అదృష్టం ఉండటంలో వింత లేదు అన్న భావంతో కవిని మెచ్చుకున్నాడు. ఈ ఇద్దరి మధ్య అంతకు మించిన ముడి కూడా ఒకటుంది. సిగ్వత్ కూతురి జ్ఞానస్నానానికి నిలబడి, ఆమెకు తోవా అని పేరు పెట్టినవాడు ఓలాఫ్ రాజే. రాజు బిడ్డకు కవి, కవి బిడ్డకు రాజు పేర్లు పెట్టుకున్నారు.

ప్రవాసం, ఎదురుచూపు

బతకడనుకున్న బిడ్డ బతికాడు. కానీ ఐదేళ్లు నిండేసరికి తండ్రి రాజ్యం పోయింది. డెన్మార్క్, ఇంగ్లండ్‌లను ఏలుతున్న క్నూట్ 1028లో నార్వేను కూడా చేతికి తెచ్చుకున్నాడు. ఓలాఫ్ కొడుకును వెంటబెట్టుకుని రష్యా నేలకు, యారోస్లావ్ ప్రభువు ఆశ్రయానికి వెళ్లాడు. 1030లో రాజ్యం తిరిగి గెలవాలని బయలుదేరినప్పుడు పిల్లవాణ్ని అక్కడే వదిలాడు. తండ్రీకొడుకులు మళ్లీ కలవలేదు. 1030 జూలై 29న స్టిక్లెస్టాడ్ దగ్గర ఓలాఫ్ చనిపోయాడు. చంపింది పరాయి సైన్యం కాదు. అతని పాలన మీద తిరగబడ్డ సొంత దేశపు ప్రభువులు, రైతులు.

ఆ రోజు సిగ్వత్ యుద్ధభూమిలో లేడు. రోమ్ తీర్థయాత్రకు వెళ్లాడు. ప్రభువు పక్కన ఉండలేకపోయానన్న బాధ అతని పద్యాల్లో కనిపిస్తుంది. తర్వాత అతను స్వీడన్ వెళ్లి వితంతువైన ఆస్ట్రిడ్ రాణి దగ్గర ఉన్నాడు. రష్యా నుంచి వచ్చే వర్తకులు కనిపిస్తే చాలు, మాగ్నస్ ఎలా ఉన్నాడని అడిగేవాడని స్నోరి రాశారు.

1035లో ఆ కబురు మనిషై నడిచొచ్చింది. క్నూట్ మనుషుల పాలనతో విసిగిన నార్వే పెద్దలే రష్యా వెళ్లి మాగ్నస్‌ను వెంటబెట్టుకొచ్చారు. అప్పటికి పిల్లవాడికి పదకొండేళ్లు. స్వీడన్ సభలో అతని కోసం లేచి మాట్లాడింది ఆస్ట్రిడ్. తన కడుపున పుట్టని బిడ్డ కోసం ఆమె సైన్యాన్ని కూడగట్టింది. ఆమె మేలును సిగ్వత్ పద్యాల్లో నిలిపాడు. తర్వాత రాజమాతగా ఆల్ఫ్‌హిల్డ్ ఆస్థానానికి వచ్చి ఆస్ట్రిడ్ కంటే పై స్థానం కోరినప్పుడు, ముందు గౌరవం ఆస్ట్రిడ్‌కే దక్కాలని ఆమెకు చెప్పినవాడూ అతనే. నిజం చెప్పాల్సినచోట అతను మొహమాటపడలేదు.

గొప్పవాడు చెడిపోతున్నాడు

మాగ్నస్ రాజయ్యాడు. తండ్రిని చంపినవాళ్లతో కలిసి బతకడం ఆ కుర్రవాడికి కష్టమైంది.

ఒకరోజు అతను కాల్వ్ ఆర్నెసన్‌ను వెంటబెట్టుకుని స్టిక్లెస్టాడ్ వెళ్లాడు. తనను రష్యా నుంచి తెచ్చినవాళ్లలో కాల్వ్ ముఖ్యుడు. కానీ ఆ యుద్ధంలో ఓలాఫ్‌కు ఎదురునిలిచిన ప్రభువుల్లోనూ ముఖ్యుడు. నాన్న ఎక్కడ పడ్డాడని రాజు అడిగాడు. కాల్వ్ బల్లెం చివరతో చూపించాడు. అప్పుడు నువ్వెక్కడున్నావని అడిగాడు. ఇప్పుడు నిలబడ్డచోటే అన్నాడు కాల్వ్. అయితే నీ గొడ్డలి ఆయనకు అందేదన్నమాట అన్నాడు రాజు, ముఖం ఎర్రబడిపోతుండగా. అందలేదని చెప్పి కాల్వ్ గుర్రమెక్కాడు. ముందే సిద్ధం చేయించుకున్న ఓడలో దేశం దాటిపోయాడు.

అక్కడితో ఆగలేదు. తండ్రికి ఎదురుతిరిగిన రైతుల మీద జరిమానాలు పడ్డాయి. భూములు పోయాయి. క్షమిస్తానన్న మాట గాలికిపోయింది. సోగ్న్ ప్రాంతంలో రైతులు ఆయుధాలు పట్టారు. మరో స్టిక్లెస్టాడ్ తప్పదనిపించింది.

రాజు సన్నిహితులు రహస్యంగా కూడారు. ఎవరో ఒకరు వెళ్లి చెప్పాలి. ఎవరు? చీట్లు వేశారు. చీటీ సిగ్వత్ పేరున వచ్చింది.

అతను చెప్పదలచినదాన్ని పద్యాలుగా కట్టాడు. ఆ కావ్యం పేరు ‘బెర్సోగ్లిస్‌వీసుర్’, అంటే ఉన్నదున్నట్టు చెప్పే పద్యాలు. కాలం సుమారు 1038. అవి ఈనాటికీ మిగిలి ఉన్నాయి. కవి అందులో మొదట తాను ఆ కుటుంబానికి చేసిన సేవను గుర్తుచేస్తాడు. పాత రాజులు చట్టాన్ని ఎలా నిలబెట్టారో చెబుతాడు. ఇచ్చిన మాట తప్పమని నీకు ఎవరు నేర్పుతున్నారని సూటిగా అడుగుతాడు. తల నెరిసిన పెద్దలు మౌనంగా ఒక్కటవుతున్నారు, అది మంచి సూచన కాదు, ప్రజల సొత్తు లాక్కోవడం దోపిడీ అవుతుంది అని హెచ్చరిస్తాడు.

సింహాసనం మీద పద్నాలుగేళ్ల రాజు. ఎదురుగా అతనికి పేరు పెట్టిన మనిషి. మొదటిసారి ఆ బిడ్డ ప్రాణం కోసం తన ప్రాణాన్ని పణంగా పెట్టాడు. ఈసారి ఆ బిడ్డ పాలన కింద బతికే రైతుల కోసం పెట్టాడు. నాకు ఈ గాథలో అన్నిటికంటే గొప్పగా తోచేది ఇదే. పేరు పెట్టి పక్కకు తప్పుకోలేదు సిగ్వత్. ఆ పేరు ఏ దారిన పోతుందో చూసుకునే బాధ్యతను చివరిదాకా మోశాడు.

రాజు విన్నాడు. కవిని శిక్షించలేదు. తెలివైనవాళ్లతో ఆలోచించి చట్టాలను సరిచేశాడు. అతను రాయించిన చట్టగ్రంథాన్ని ‘గ్రాగాస్’ అనేవారని, అది ట్రోన్‌హైమ్‌లో ఉండేదని స్నోరి చెప్పారు. 1042లో డెన్మార్క్ సింహాసనం కూడా అతనికి దక్కింది. 1043లో లూర్స్‌కోవ్ మైదానంలో వెండ్ జాతి సేనపై పెద్ద విజయం సాధించాడు. 1047లో, పాతికేళ్లయినా నిండకుండానే పోయాడు. పేరుతోనే ‘గొప్పవాడు’ అయిన ఆ రాజును చరిత్ర ‘మంచి మాగ్నస్’ అని పిలుస్తుంది. మొదటి మాట కవి ఇచ్చింది. రెండోది ప్రజలు ఇచ్చింది.

పేరు నడిచిన దూరం

వంశంలో లేని పేరు వంశానికి ఆస్తి అయింది. మాగ్నస్ తర్వాత రాజైన అతని పినతండ్రి హరాల్డ్ హార్ద్రాదా తన కొడుక్కి ఇదే పేరు పెట్టుకున్నాడు. ఓర్క్‌నీ దీవుల ప్రభువు మాగ్నస్ పన్నెండో శతాబ్దం తొలినాళ్లలో దాయాది ఆజ్ఞపై హతుడై సెయింట్‌గా పూజలందుకున్నాడు. 1137లో మొదలుపెట్టిన ఆయన కెథెడ్రల్ కిర్క్‌వాల్ పట్టణంలో ఇప్పటికీ ఉంది. ఐర్లండ్‌లో ఈ పేరు మెక్‌మేనస్ అనే ఇంటిపేరుగా మారింది. మనవాళ్లకు ఈ పేరును ఇంటింటా పరిచయం చేసింది చదరంగం. 2013 నవంబరులో చెన్నైలో విశ్వనాథన్ ఆనంద్‌పై గెలిచి ప్రపంచ చాంపియన్ అయిన నార్వే యువకుడు మాగ్నస్ కార్ల్‌సన్.

కానీ ఈ పేరుకు పూర్తి న్యాయం చేసినవాడు నా దృష్టిలో మరొకడు. నార్వేను ఏలిన ఆరో మాగ్నస్. 1274లో దేశమంతటికీ ఒకే చట్టసంహిత తెచ్చినందుకు ఆయనకు ‘లాగబోటె’, అంటే చట్టాలను సరిదిద్దినవాడు, అన్న బిరుదు దక్కింది. నాలుగు వందల ఏళ్లకు పైగా ఆ దేశాన్ని నడిపిన సంహిత అది. కత్తితో కాక చట్టంతో ఏలమని సిగ్వత్ ఒక కుర్ర రాజును బతిమాలిన రెండు శతాబ్దాలకు, అదే పేరు మోసిన రాజు ఆ మాటను దేశమంతటా అమలులో పెట్టాడు. బిడ్డకు గొప్ప పేరు పెట్టడం ఒక రాత్రి పని. ఆ పేరుకు తగ్గ మనిషిని చేయడం పేరు పెట్టినవాళ్ల జీవితకాలపు పని.